గ్వాంటనామో: కోర్టులో గెలిచాక కూడా నిర్బంధం ఎందుకు కొనసాగింది?

ప్రశ్న: న్యాయవిద్యార్థిని

అందరికీ నమస్కారం. ఉగ్రవాద ఆరోపణలపై నిర్బంధంలో ఉన్నవారి న్యాయపరమైన హక్కుల గురించి సెమినార్ పత్రం ఒకటి రాస్తున్నాను. 2001 సెప్టెంబరు 11 దాడుల తరువాత అమెరికా నెలకొల్పిన సైనిక కమిషన్లే, అంటే ఉగ్రవాద నిందితులను విచారించే ప్రత్యేక సైనిక న్యాయస్థానాలే, అందులో ప్రధాన విషయం. ముఖ్యమైన తీర్పులన్నీ వరుసగా చదివాను కానీ, చదివిన కొద్దీ ఒక చిక్కు మరింత బిగుసుకుంటోంది.

క్యూబాలోని అమెరికా నౌకాదళ స్థావరమైన గ్వాంటనామోలో నిర్బంధంలో ఉన్నవారు అమెరికా ఫెడరల్ కోర్టులో హెబియస్ కార్పస్ పిటిషన్ (తనను పట్టి ఉంచడం చట్టబద్ధమో కాదో తేల్చమని కోరే పిటిషన్) వేసుకోవచ్చని 2004లో రసూల్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అధ్యక్షుడు బుష్ ఉత్తర్వుతో ఏర్పడిన సైనిక కమిషన్లు చట్టవిరుద్ధమని 2006లో హమ్దాన్ కేసులో తేల్చింది. హెబియస్ రాజ్యాంగం ఇచ్చిన హక్కేననీ, కాంగ్రెస్ 2006లో చేసిన చట్టం దాన్ని తొలగించలేదనీ 2008లో బౌమెదీన్ కేసులో ప్రకటించింది. మూడుసార్లూ ఓడింది ప్రభుత్వమే. అయినా 2025 జనవరి నాటికి అక్కడ ఇంకా 15 మంది మిగిలే ఉన్నారు. వారిలో ఆరుగురిపై అభియోగమే లేదు. సెప్టెంబరు 11 కేసులో అసలు విచారణ ఇంకా మొదలే కాలేదు.

నేను అడగదలచినవి రెండు. ఈ తీర్పులు ఆచరణలో నిర్బంధితుల చేతికి ఏమి అందించాయి? నేరాలకు మామూలు కోర్టులు, సైనికుల నేరాలకు కోర్టు మార్షల్ ఉండగా, ఈ రెండూ కాని మూడో న్యాయస్థానం ఎందుకు కావలసి వచ్చింది? జాతీయ భద్రత కోసం అన్న ఒక్క మాటతో సరిపెట్టుకోలేకపోతున్నాను. తెలిసినవారు దయచేసి వివరించగలరు.

జవాబు: పాత వకీలు

అమ్మా, రెండు వేర్వేరు విషయాలు కలగలిసిపోవడం వల్లనే మీకు ఈ చిక్కు వచ్చిందని నా అనుమానం. ఒక మనిషిని పట్టి ఉంచే అధికారం ప్రభుత్వానికి ఉందా అన్నది ఒక విషయం. అతడు నేరం చేశాడని నిర్ధారించి శిక్ష వేసే అధికారం ఎవరికి ఉంది, అది ఏ పద్ధతిలో జరగాలి అన్నది మరొకటి. హెబియస్ పిటిషన్ మొదటిదాన్ని ప్రశ్నిస్తుంది, సైనిక కమిషన్ రెండోదాన్ని చేపడుతుంది. గ్వాంటనామోకు తీసుకువచ్చిన సుమారు 780 మందిలో అత్యధికులు కమిషన్ మెట్లు ఎక్కనే లేదు. వారిని ఎవరూ విచారించలేదు, ఊరికే ఉంచుకున్నారు.

ఆ స్థలాన్ని ఎంచుకోవడంలోనే న్యాయవాదుల ఆలోచన కనిపిస్తుంది. 1903 నాటి కౌలు ఒప్పందం ప్రకారం ఆ భూమిపై అంతిమ సార్వభౌమాధికారం క్యూబాది, పూర్తి అధికార పరిధీ నియంత్రణా అమెరికావి. రెండో ప్రపంచ యుద్ధం తరువాత జర్మనీలో అమెరికా సైన్యం ఖైదులో ఉన్న జర్మన్లు వేసిన పిటిషన్‌ను 1950లో ఐసెన్‌ట్రాగర్ కేసులో సుప్రీంకోర్టు తిరస్కరించింది. దాన్ని ఆధారం చేసుకుని, సాంకేతికంగా విదేశమే అయిన గ్వాంటనామోకు ఏ కోర్టు చేయీ చాచలేదని ప్రభుత్వ న్యాయవాదులు లెక్క వేశారు. 2002 జనవరి 11న మొదటి ఇరవై మందిని అక్కడ దించారు. ఆ లెక్కను రసూల్ తీర్పు తప్పించింది.

అయితే ఆ తీర్పు వచ్చిన పది రోజులు తిరగకముందే రక్షణ శాఖ కొత్త ఏర్పాటు ఒకటి చేసింది. ప్రతి నిర్బంధితుడూ 'శత్రు యోధుడు' అవునో కాదో ముగ్గురు సైనికాధికారుల ట్రిబ్యునల్ పరిశీలిస్తుందని ప్రకటించింది. అక్కడ నిర్బంధితుడికి న్యాయవాది ఉండడు, 'వ్యక్తిగత ప్రతినిధి' పేరిట ఒక సైనికాధికారిని ఇస్తారు. రహస్య సాక్ష్యాన్ని అతడికి చూపించరు. ప్రభుత్వ సాక్ష్యం నిజమైనదే, ఖచ్చితమైనదే అన్న భావనతోనే పరిశీలన మొదలవుతుంది. బోస్నియా నుంచి తెచ్చిన ఒక నిర్బంధితుడి పరిశీలనలో జరిగిన సంభాషణను వాషింగ్టన్‌లోని ఫెడరల్ జడ్జి 2005 జనవరిలో తన తీర్పులోనే ఉటంకించారు. అల్‌ఖైదాకు చెందిన ఒక వ్యక్తితో నీకు సంబంధం ఉందని ట్రిబ్యునల్ చదివి వినిపించింది. అతడి పేరు చెప్పమని నిర్బంధితుడు అడిగాడు. పేరు తనకు తెలియదని అధ్యక్షత వహించిన అధికారి జవాబిచ్చారు. పేరు చెబితే ఆ మనిషిని నేను ఎరుగుదునో లేదో చెప్పగలను, పేరే లేకపోతే దేనికని జవాబివ్వాలి అని అతడు అడిగాడు. దానికి అక్కడ ఎవరి దగ్గరా సమాధానం లేదు. ఇలాంటి పరిశీలనలు 558 జరిగితే, ఇక శత్రు యోధులు కారని తేలినవారు 38 మంది.

2008లో జస్టిస్ కెనడీ రాసిన బౌమెదీన్ తీర్పు, ఈ ట్రిబ్యునళ్లూ వాటిపై కల్పించిన పరిమిత అప్పీలూ హెబియస్‌కు ప్రత్యామ్నాయం కాలేవని చెప్పింది. దాని ఫలితం కళ్లకు కనిపించేదే. బౌమెదీన్‌తో సహా ఆరుగురు అల్జీరియన్లను, సరయేవోలోని అమెరికా రాయబార కార్యాలయంపై దాడికి కుట్ర పన్నారన్న అనుమానంతో 2001 అక్టోబరులో బోస్నియాలో అరెస్టు చేశారు. సాక్ష్యం లేదని 2002 జనవరిలో అక్కడి సుప్రీంకోర్టు విడుదల చేయమంటే, విడుదలైన వెంటనే వారిని అమెరికాకు అప్పగించారు. తీరా 2008లో ఫెడరల్ కోర్టులో హెబియస్ విచారణ వచ్చేసరికి ఆ రాయబార కార్యాలయం ఆరోపణను ప్రభుత్వమే విరమించుకుంది. మిగిలిన ఆరోపణకు ఆధారం, పేరు తెలియని ఒకే ఒక్క మనిషి చెప్పాడంటున్న మాట. జడ్జి లియాన్ ఐదుగురి విడుదలకు ఆదేశించారు. ఒక స్వతంత్ర న్యాయమూర్తి కాగితాలు తెరిచి చూడడానికి దాదాపు ఏడేళ్లు పట్టిందన్నమాట.

దేవుడు వరమిచ్చినా పూజారి వరమివ్వడన్న సామెత ఆ తరువాతి కథకు అతికినట్టు సరిపోతుంది. హెబియస్ విచారణలో సాక్ష్యాన్ని ఏ ప్రమాణంతో తూచాలో సుప్రీంకోర్టు చెప్పకుండా కింది కోర్టులకు వదిలివేసింది. వాషింగ్టన్ అప్పీలు కోర్టు ఆ ఖాళీని ప్రభుత్వానికి అనుకూలంగా పూరించింది. అద్నాన్ లతీఫ్ అనే యెమెన్ దేశస్థుడిని విడుదల చేయమని 2010లో జిల్లా కోర్టు తీర్పు ఇస్తే, ప్రభుత్వ గూఢచార నివేదిక సక్రమంగానే తయారైందని మొదట భావించాలంటూ 2011లో అప్పీలు కోర్టు దాన్ని కొట్టివేసింది. 2012 జూన్‌లో సుప్రీంకోర్టు ఆ కేసును స్వీకరించడానికి నిరాకరించింది. సెప్టెంబరులో లతీఫ్ జైలు గదిలోనే చనిపోయాడు. చైనాలోని ముస్లిం మైనారిటీ జాతివారైన ఉయ్‌గూర్ల విషయం ఇంకా విడ్డూరం. వారు శత్రువులు కారని ప్రభుత్వమే ఒప్పుకుంది. చైనాకు పంపితే హింసిస్తారు కాబట్టి అక్కడికి పంపకూడదు. అమెరికాలోకే విడుదల చేయమని 2008లో జడ్జి ఆదేశిస్తే, దేశంలోకి ఎవరిని రానివ్వాలో నిర్ణయించే అధికారం కోర్టులకు లేదని అప్పీలు కోర్టు అన్నది. చివరి ముగ్గురు స్లొవాకియాకు వెళ్లేసరికి 2013 డిసెంబరు వచ్చింది.

కాబట్టి మీ మొదటి ప్రశ్నకు నా జవాబు ఇది: తీర్పులు కోర్టు తలుపు తెరిచాయి, లోపల ఉన్న తూనికను మాత్రం ముట్టుకోలేదు.

జవాబు: దళపతి

వకీలు గారు చెప్పిన వాస్తవాలతో నాకు పేచీ లేదు. సైనిక న్యాయంతో కొంత పరిచయం ఉన్నవాడిగా రెండు విషయాలు చేర్చదలచాను, వాటిలో ఒకటి ఆయనకు నచ్చకపోవచ్చు.

అభియోగం లేకుండా ఉంచడమే అన్యాయం అనేస్తే యుద్ధ న్యాయమంతా తలకిందులవుతుంది. యుద్ధంలో చిక్కిన శత్రు సైనికుడిని పోరు ముగిసేవరకూ ఉంచుకోవచ్చు. అది శిక్ష కాదు, అతడు మళ్లీ యుద్ధరంగంలోకి పోకుండా నిలువరించడం మాత్రమే. 2001 సెప్టెంబరు 18న కాంగ్రెస్ ఇచ్చిన బలప్రయోగ అనుమతిలో ఈ అధికారం ఇమిడి ఉందని 2004లో హమ్దీ కేసులో సుప్రీంకోర్టు కూడా ఒప్పుకుంది. అదే తీర్పులో జస్టిస్ ఓకానర్, పౌరుల హక్కుల విషయంలో యుద్ధస్థితి అధ్యక్షుడికి రాసిచ్చిన ఖాళీ చెక్కు కాదని హెచ్చరించారు. లూయిజియానాలో పుట్టిన హమ్దీని ఎందుకు ఉంచారో చెప్పడానికి ప్రభుత్వం కోర్టు ముందు పెట్టినది రక్షణ శాఖ అధికారి ఒకరు సంతకం చేసిన రెండు పేజీల ప్రమాణపత్రం. అది చాలదు, తటస్థుడైన నిర్ణేత ముందు ఆ వాస్తవాలను ఖండించే అవకాశం ఇవ్వాలని కోర్టు అన్నది. కొద్ది నెలలకే, విచారణ జరిపే బదులు, పౌరసత్వం వదులుకుంటానని రాయించుకుని అతడిని సౌదీ అరేబియాకు పంపేశారు. చిక్కల్లా ఎక్కడంటే, యూనిఫారం లేని శత్రువుతో, సంధిపత్రం మీద సంతకం పెట్టే ప్రభుత్వమే లేని యుద్ధంలో 'పోరు ముగిసే' రోజు ఎవరు ప్రకటిస్తారు? యుద్ధ న్యాయం ఈ పరిస్థితిని ఊహించి రాసినది కాదు. సిద్ధాంతాన్ని తప్పుపట్టను. దానికి గడువు లేకపోవడమే నా అభ్యంతరం.

ఇక మూడో న్యాయస్థానం ఎందుకన్న ప్రశ్న. సైనిక కమిషన్ కొత్తగా కనిపెట్టినది కాదు. 1942లో జర్మనీ జలాంతర్గాములు ఎనిమిది మంది విధ్వంసకులను లాంగ్ ఐలండ్ తీరంలోనూ ఫ్లోరిడాలోనూ దించాయి. అధ్యక్షుడు రూజ్వెల్ట్ వారిని కమిషన్‌కు అప్పగించారు. క్విరిన్ కేసులో సుప్రీంకోర్టు దాన్ని సమర్థిస్తూ జులై 31న ఆదేశమిచ్చింది. ఆగస్టు 8న ఆరుగురికి మరణశిక్ష అమలైంది. కారణాలు వివరించే పూర్తి తీర్పు వెలువడినది అక్టోబరులో! మనుషులు పోయాక కారణాలు వచ్చిన ఈ తీర్పునే 2001లో బుష్ న్యాయవాదులు పునాదిగా తీసుకున్నారు. అంతకుముందే 1866లో మిల్లిగన్ కేసు ఉంది. మామూలు కోర్టులు తెరిచి పనిచేస్తున్న చోట పౌరుడిని సైనిక న్యాయస్థానం విచారించకూడదని అది చెప్పింది. దాన్ని పక్కన పెట్టడం వారికి సౌకర్యంగా తోచింది.

చాలామంది కోర్టు మార్షల్‌ను, కమిషన్‌ను ఒకే గాటన కడతారు. అది కోర్టు మార్షల్‌కు అన్యాయం చేయడమే. అమెరికా సైనిక న్యాయస్మృతి ప్రకారం జరిగే కోర్టు మార్షల్‌లో ముద్దాయి అన్ని దశల్లోనూ హాజరుగా ఉంటాడు, తనపై వచ్చిన సాక్ష్యాన్ని చూస్తాడు, సాక్షులకు అడ్డుప్రశ్నలు వేయించగలడు. 2001 నవంబరు 13 నాటి ఉత్తర్వుతో ఏర్పడిన కమిషన్లో ముద్దాయినీ, అతడు పెట్టుకున్న పౌర న్యాయవాదినీ బయటికి పంపి సాక్ష్యం వినవచ్చు. హమ్దాన్ తీర్పులో జస్టిస్ స్టీవెన్స్ పట్టుకున్నది సరిగ్గా ఇక్కడే. కోర్టు మార్షల్ పద్ధతి నుంచి ఇంత దూరం జరగడానికి ఆచరణలో ఉన్న అవసరమేమిటో ప్రభుత్వం చూపలేదన్నారు. జెనీవా ఒప్పందాల్లోని ఉమ్మడి మూడో అధికరణ ఈ పోరుకూ వర్తిస్తుందనీ, సక్రమంగా ఏర్పడిన న్యాయస్థానమే శిక్ష వేయాలన్న ఆ నిబంధనకు ఈ కమిషన్ తూగదనీ తేల్చారు. అదే సంవత్సరం అక్టోబరులో కాంగ్రెస్ చట్టం చేసి కమిషన్లను మళ్లీ నిలబెట్టింది. 2009లో సవరించి, చిత్రహింసతోనూ క్రూరంగానూ రాబట్టిన వాంగ్మూలాలను నిషేధించింది.

చేతిలో కోర్టు మార్షల్ అనే నమ్మకమైన వ్యవస్థ ఉండగా దాన్ని కాదనడం వల్ల సైన్యం పరువే పోయిందని నేననుకుంటాను. ఆ కమిషన్లలో ప్రభుత్వ ఏర్పాటును గట్టిగా ఎదిరించినవారిలో యూనిఫారంలో ఉన్న డిఫెన్స్ న్యాయవాదులే ముందున్నారన్న సంగతి మరచిపోకూడదు.

జవాబు: మధ్యస్థుడు

ఒక సందేహం. తూర్పు ఆఫ్రికా రాయబార కార్యాలయాలపై 1998లో జరిగిన దాడుల కేసులో గైలానీని గ్వాంటనామో నుంచి న్యూయార్క్ ఫెడరల్ కోర్టుకు తెచ్చారు. 285 అభియోగాల్లో 284 వీగిపోయాయి. చిత్రహింస వల్ల ఆచూకీ తెలిసిందన్న కారణంతో ముఖ్యమైన సాక్షిని జడ్జి అనుమతించలేదు. మామూలు కోర్టులంటే ప్రభుత్వం భయపడడానికి ఇది చాలదా?

జవాబు: పాత వకీలు

మిగిలిన ఆ ఒక్క అభియోగానికే గైలానీకి పెరోల్ లేని యావజ్జీవ శిక్ష పడింది. 2010 నవంబరులో జూరీ తీర్పు, 2011 జనవరిలో శిక్ష. బూట్లలో బాంబు దాచి విమానం ఎక్కిన కేసులో రీడ్‌కు 2003లో, సెప్టెంబరు 11 కుట్ర కేసులో మూసావీకి 2006లో ఇవే మామూలు కోర్టులు యావజ్జీవం వేశాయి. కమిషన్ల వైపు చూడండి. బిన్ లాడెన్ డ్రైవరుగా పనిచేసిన హమ్దాన్‌కు 2008లో 66 నెలల శిక్ష వేసి, అప్పటికే గడిపిన 61 నెలలు అందులో తీసేశారు. అతడు ఇంటికి వెళ్లిపోయాక, 2012లో ఆ నేరనిర్ధారణనే అప్పీలు కోర్టు రద్దు చేసింది. ఎందుకంటే, ఉగ్రవాదానికి తోడ్పాటు అన్నది అతడు ఆ పని చేసిన కాలానికి యుద్ధనేరం కాదు. ఆస్ట్రేలియాకు చెందిన హిక్స్ నేరాంగీకారం కూడా ఇదే కారణంతో 2015లో చెల్లకుండా పోయింది. త్వరగా, గట్టిగా శిక్షలు పడతాయని పెట్టుకున్న న్యాయస్థానానికి ఆ రెండూ దక్కలేదు.

అసలు అడ్డంకి హక్కులు కావు, చిత్రహింసలు. సెప్టెంబరు 11 కేసులో ప్రధాన ముద్దాయి ఖాలిద్ షేక్ మొహమ్మద్‌ను 2003 మార్చిలో పట్టుకుని, ఆ ఒక్క నెలలోనే 183 సార్లు వాటర్‌బోర్డింగ్ (ముఖం మీద నీళ్లు పోసి ఊపిరాడకుండా చేయడం) చేశారు. 2006లో గ్వాంటనామోకు తెచ్చాక, పాత వాంగ్మూలాలు పనికిరావని తెలిసి, ఎఫ్‌బీఐ అధికారులతో 2007లో మళ్లీ కొత్తగా చెప్పించారు. ఆ రెండో వాంగ్మూలం స్వేచ్ఛగా ఇచ్చినదా, మొదటి భయం ఇంకా వెంటాడుతుండగా ఇచ్చినదా అన్నదానిపైనే ఏళ్ల తరబడి వాదనలు నడిచాయి. అమెరికా యుద్ధనౌక కోల్‌పై దాడి కేసులో ముద్దాయి నషీరీ ఇచ్చిన అలాంటి వాంగ్మూలాన్ని 2023లో సైనిక జడ్జే తోసిపుచ్చారు. సెప్టెంబరు 11 కేసులో ఒక ముద్దాయిది 2025 ఏప్రిల్‌లో అలాగే పోయింది.

ఆ కోర్టు గది ఎలా ఉంటుందో మీ పత్రంలో ఒక పేరా రాయండి. ప్రేక్షకులు మందపాటి అద్దం వెనుక కూర్చుంటారు. లోపలి మాట నలభై సెకన్లు ఆలస్యంగా వినిపిస్తుంది. రహస్యం ఏదైనా దొర్లితే ఎర్ర దీపం వెలిగి శబ్దం ఆగిపోతుంది. 2013 జనవరి 28న డిఫెన్స్ న్యాయవాది సీఐఏ రహస్య జైళ్ల ప్రస్తావన తేగానే శబ్దం ఆగింది. ఆపింది జడ్జి కాదు, ఆయన భద్రతాధికారీ కాదు. తన కోర్టును గది బయటి నుంచి ఎవరో ఆపగలరని జడ్జికి అప్పుడే తెలిసింది. ఆయన ఆగ్రహించి, బయటి నుంచి శబ్దం ఆపే ఆ తీగ తీయించారు. న్యాయవాదులు కక్షిదారులను కలుసుకునే గదుల్లో పొగను పసిగట్టే పరికరాల రూపంలో మైకులు ఉన్నాయని ఆ మరుసటి నెలలో బయటపడింది. న్యాయవాది ఉండడం హక్కే. అతడితో చెప్పుకున్న మాట ఎవరు వింటున్నారో తెలియకపోతే ఆ హక్కు ఎంతవరకు నిలుస్తుంది?

ప్రశ్నించినవారి స్పందన: న్యాయవిద్యార్థిని

అందరికీ కృతజ్ఞతలు. పట్టి ఉంచడం, శిక్షించడం అన్న విభజనతో పత్రానికి ఆకారం వచ్చింది. ఇంకొక్క సందేహం మిగిలింది. 2024 జులై 31న సెప్టెంబరు 11 కేసులో ముగ్గురితో నేరాంగీకార ఒప్పందం కుదిరింది, రెండు రోజులకే రక్షణ మంత్రి ఆస్టిన్ దాన్ని ఉపసంహరించారు. సైనిక జడ్జి ఒప్పందం చెల్లుతుందన్నారు, 2025 జులైలో అప్పీలు కోర్టు చెల్లదన్నది. సరే, విచారణే జరిగి కమిషన్ ఎవరినైనా నిర్దోషిగా తేల్చిందనుకుందాం. అతడు విడుదలవుతాడా?

జవాబు: దళపతి

తప్పక విడుదల కావాలన్న నియమం లేదు. నిర్దోషి అయినా యుద్ధ న్యాయం కింద నిర్బంధించే అధికారం తమకు ఉంటుందని రక్షణ శాఖ వాదించింది. 2009లో ఆ శాఖ ప్రధాన న్యాయవాది సెనేట్ కమిటీ ముందు కూడా అదే వైఖరి వినిపించారు. శిక్ష పూర్తయిన హమ్దాన్‌ను కూడా ఉంచుకునే అధికారం తమకు ఉందని 2008లో చెప్పి, చివరకు నవంబరులో యెమెన్ పంపారు. వకీలు గారు మొదట విడదీసిన రెండు విషయాలూ ఇక్కడ కలుస్తాయి. రెండో గదిలో గెలిచినవాడు మళ్లీ మొదటి గదికి వచ్చి హెబియస్ పిటిషన్ వేసుకోవాలి. అక్కడ సందేహాతీతంగా నిరూపించవలసిన భారం ప్రభుత్వానికి ఉండదు, ఆధారాలు ఏ వైపు మొగ్గితే ఆ వైపే తీర్పు. ఆధారాలను తూచేదీ లతీఫ్ కేసులో చెప్పిన పద్ధతిలోనే.

మీ పత్రంలో నిర్దోషి తీర్పు తరువాతి ఈ దశకు ఒక విభాగం కేటాయించండి. సెమినార్లో మిమ్మల్ని తప్పకుండా అడిగే ప్రశ్న ఇదే.